హైవే డ్యూటీలో బావ చనిపోయారు. అక్క ముందుగా ఏ కాగితం పట్టుకోవాలి?

కోదాడ తమ్ముడు (ప్రశ్న)

అందరికీ నమస్కారం. మా బావ హెడ్ కానిస్టేబుల్. 2007లో డిపార్ట్‌మెంట్‌లో చేరారు. విజయవాడ హైవే మీద రాత్రి వాహనాల తనిఖీ చేస్తుండగా లారీ గుద్దింది. పక్కనే ఉన్న హోంగార్డుకు కాలు విరిగింది. బావను ఆసుపత్రికి చేర్చేలోపే ప్రాణం పోయింది. వయసు 42. ఈ రోజుకి ఇరవై రెండు రోజులు.

పోలీసు లాంఛనాలతోనే అంత్యక్రియలు చేశారు. పెద్ద సార్లు వచ్చారు. అంత్యక్రియల ఖర్చుకు డబ్బు అక్క చేతిలో పెట్టి, "అన్నీ మేం చూసుకుంటాం, మీరేం టెన్షన్ పడొద్దమ్మా" అన్నారు. పైకి అన్న మాట కాదది, వాళ్లలో ఒక సారు అయితే మాట్లాడలేక పక్కకు వెళ్లి కళ్లు తుడుచుకున్నారు. కానీ దశదిన కర్మ అయ్యాక స్టేషన్‌కు ఫోన్ చేస్తే జిల్లా ఆఫీసులో అడగమన్నారు. జిల్లా ఆఫీసులో అడిగితే స్టేషన్ నుంచి రిపోర్టు రావాలన్నారు.

నన్ను భయపెడుతున్నది ఎఫ్‌ఐఆర్. అందులో "రోడ్డు పక్కన నిలబడి ఉండగా లారీ ఢీకొట్టినది" అని ఉంది. డ్యూటీ అన్న మాటే లేదు. యూనిఫాంలో ఉన్న మనిషి రాత్రి ఒంటి గంటకు హైవే పక్కన ఊరికే ఎందుకు నిలబడతాడు? ఆ మాట మళ్లీ రాయించలేమా?

ఇంట్లో ఇంకో గొడవ. అక్కకు 38 ఏళ్లు, ఇంటర్ వరకే చదివింది. పాప ఇంటర్ సెకండియర్, 17 నిండాయి. బాబు ఎనిమిదో తరగతి. బావ వాళ్ల అన్నగారు "ఉద్యోగం బాబు కోసం ఆపుదాం, వాడు పెద్దయ్యాక పోలీసే అవుతాడు" అంటున్నారు. ఇంకో బంధువు బావ తమ్ముడికి ఇప్పిద్దామంటున్నారు. అక్కను మాత్రం ఎవరూ అడగడం లేదు.

పైగా వాట్సాప్‌లో అందరూ "మీకు కోటి వస్తుంది" అని పంపుతున్నారు. వింటుంటే అక్కకు కోపం వస్తోంది. దయచేసి తెలిసినవాళ్లు చెప్పండి.

రిటైర్డ్ సూపరింటెండెంట్

తమ్ముడూ, మీ అక్కగారికి నా సానుభూతి చెప్పండి. నేను జిల్లా పోలీసు కార్యాలయంలో మినిస్టీరియల్ (ఆఫీసు పనుల) వైపు పనిచేసి రిటైరయ్యాను. ఇలాంటి ఫైళ్లు చాలా చూశాను.

ముందు ఎఫ్‌ఐఆర్ సంగతి. ఒకసారి నమోదైన ఎఫ్‌ఐఆర్‌ను దిద్దడం కుదరదు. దాని గురించి పోట్లాడుతూ రోజులు పోగొట్టుకోవద్దు. డ్యూటీ రుజువు కావడానికి వేరే కాగితాలున్నాయి. ఆ రాత్రి స్టేషన్ జనరల్ డైరీలో ఆయన ఎన్ని గంటలకు ఏ డ్యూటీకి బయల్దేరారో రాసి ఉంటుంది. డ్యూటీ రోస్టర్ ఉంటుంది. పాస్‌పోర్ట్ ఇచ్చి పంపి ఉంటే దాని ఆఫీసు కాపీ ఉంటుంది. (బయటివాళ్లకు తెలియదు గానీ, డ్యూటీ మీద పంపేటప్పుడు ఇచ్చే కాగితాన్ని మా దగ్గర పాస్‌పోర్ట్ అంటారు.) గాయపడిన హోంగార్డు వాంగ్మూలం అన్నిటికన్నా గట్టి సాక్ష్యం. అందులో "ఇద్దరం వాహనాల తనిఖీ డ్యూటీలో ఉన్నాం" అని ఉందో లేదో దర్యాప్తు అధికారిని అడగండి. లేకపోతే మళ్లీ వాంగ్మూలం తీసుకోవచ్చు. చార్జిషీట్‌లో ఆ వాక్యం రావాలి. వీటన్నిటినీ జోడించి "విధి నిర్వహణలో ఉండగా మరణించారు" అని యూనిట్ అధికారి పైకి రిపోర్టు పంపాలి. అసలు ఫైలు ఆ రిపోర్టే.

కోటి సంగతి. 2024 అక్టోబర్ 21న, పోలీసు అమరవీరుల సంస్మరణ దినం రోజు, ముఖ్యమంత్రి రేవంత్ రెడ్డి ఎక్స్‌గ్రేషియా పెంచుతున్నట్టు ప్రకటించారు. కానిస్టేబుల్ నుంచి ఏఎస్‌ఐ వరకు కోటి, ఎస్‌ఐ, సీఐలకు కోటీ 25 లక్షలు, డీఎస్పీ, అడిషనల్ ఎస్పీలకు కోటిన్నర, ఎస్పీ, ఆ పైన 2 కోట్లు. 2025 అక్టోబర్‌లో నిజామాబాద్‌లో నిందితుణ్ణి స్టేషన్‌కు తీసుకొస్తుండగా కత్తిపోట్లకు చనిపోయిన కానిస్టేబుల్ కుటుంబానికి కోటితోపాటు రిటైర్మెంట్ వయసు దాకా ఆఖరి జీతం, ఇంట్లో ఒకరికి ఉద్యోగం, 300 గజాల స్థలం ప్రకటించారు. ఇవన్నీ అమరులైనవారికి అన్న మాట మీద నడిచే ఉత్తర్వులు. తనిఖీలో లారీ గుద్దడం ఆ మాట కిందకు వస్తుందా లేదా అన్నది యూనిట్ రిపోర్టును బట్టి పైన తేలుస్తారు. అది తేలకముందే ఆ డబ్బును లెక్కేసుకుని అప్పులు చేయొద్దని ఇంట్లో చెప్పండి.

దానితో సంబంధం లేకుండా రావలసినవి చాలా ఉన్నాయి. విడో ఫండ్, కార్పస్ ఫండ్, భద్రత అనే పోలీసు సంక్షేమ నిధుల డబ్బులు డిపార్ట్‌మెంట్ నుంచి వస్తాయి. జీఎల్‌ఐ (ప్రభుత్వ జీవిత బీమా) పాలసీ, గ్రూప్ ఇన్సూరెన్స్, గ్రాట్యుటీ, నిల్వ ఉన్న ఈఎల్స్‌కు (ఆర్జిత సెలవులకు) 300 రోజులకు మించకుండా జీతం, ఇవి వేరు. మీ బావగారు 2004 సెప్టెంబర్ 1 తర్వాత చేరారు కాబట్టి సీపీఎస్, అంటే జీతంలోంచి వాటా కట్టే పెన్షన్ పథకం. సర్వీసులో ఉండగా చనిపోయిన సీపీఎస్ ఉద్యోగుల కుటుంబాలకు కూడా ఫ్యామిలీ పెన్షన్ ఇవ్వాలని తెలంగాణలో 2021లో ఉత్తర్వులు వచ్చాయి. అది కావాలంటే ప్రాన్ ఖాతాలోని (ఆ సీపీఎస్ వాటాలు జమయ్యే ఖాతా) సొమ్ము మొత్తం మీ చేతికి రాదు. అందుకని ఎవరైనా "ఈ విత్‌డ్రా ఫారం మీద సంతకం పెట్టమ్మా" అంటే పెన్షన్ ఆప్షన్ సంగతి తేలేదాకా పెట్టొద్దు.

లారీ మీద మోటారు ప్రమాదాల ట్రైబ్యునల్‌లో కేసు వేరే. ఇది ప్రభుత్వం ఇచ్చేది కాదు, లారీ ఇన్సూరెన్స్ కంపెనీ కట్టేది. చట్టం మారాక, 2022 ఏప్రిల్ నుంచి ప్రమాదం జరిగిన ఆరు నెలల్లో వేయాలన్న నియమం ఉంది. ఆగొద్దు. ఫ్యామిలీ పెన్షన్ వస్తోంది కదా, భార్యకు ఉద్యోగం వచ్చింది కదా అని ఆ పరిహారంలో కోత పెట్టకూడదని సుప్రీంకోర్టు 2013లోనే చెప్పింది. అవతలి వకీలు ఆ వాదన తెస్తే మీ వకీలుకు ఇది గుర్తుచేయండి. లారీ దొరికింది కదా? దొరక్కపోతే హిట్ అండ్ రన్ కింద వచ్చేది 2 లక్షలే.

ఉద్యోగం గురించి. కారుణ్య నియామకాలకు మూలం 1977 నాటి జీవో 687. చనిపోయిన ఉద్యోగికి పెళ్లయి ఉంటే భార్య, కొడుకు, కూతురు అర్హులు. పెళ్లికాని ఉద్యోగి అయితేనే తమ్ముడు. కాబట్టి ఆ మాట అక్కడితో వదిలేయండి. దరఖాస్తుకు గడువు ఏడాది. రెండేళ్లలోపు 18 నిండే పిల్లలుంటే వాళ్ల కోసం ఆగొచ్చు. మీ పాపకు ఆ వీలుంది, ఎనిమిదో తరగతి బాబుకు లేదు. బాబు పెద్దయ్యాక అడిగితే "ఇన్నేళ్లు మీ ఇల్లు గడిచింది కదా" అనే ప్రశ్న వస్తుంది. ఈ ఉద్యోగం వారసత్వంగా వచ్చే ఆస్తి కాదని, ఇంటికి వచ్చిన కష్టం అప్పటికప్పుడు తీర్చడానికేనని 1994 నుంచి కోర్టులు చెబుతూనే ఉన్నాయి.

హోంగార్డు కొడుకు

మీ పోస్టులో కాలు విరిగిన హోంగార్డు అన్న మాట దగ్గర ఆగిపోయాను అన్నా. మా నాన్న కూడా హోంగార్డే. ట్రాఫిక్ పాయింట్‌లో బస్సు తగిలి పోయారు. ఆయన ఎండలో నిలబడ్డ గంటలు కానిస్టేబుల్ నిలబడ్డ గంటలతో సమానమే. కానీ మాకు పెన్షన్ లేదు, ఆఖరి జీతం అన్న మాట లేదు, ఎందుకంటే ఆయనకు వచ్చేది జీతం కాదు, రోజు భత్యం. 2024 డిసెంబర్‌లో ఆ భత్యం 921 నుంచి 1000 చేస్తామని, చనిపోతే కుటుంబానికి 5 లక్షలు ఇస్తామని ప్రభుత్వం చెప్పింది. మా నాన్న అంతకుముందే పోయారు. స్టేషన్‌లో సార్లు తలా కొంత వేసుకుని మా చెల్లి ఫీజు కట్టారు. వాళ్లకు ఎప్పుడూ రుణపడి ఉంటాం.

ఒక్క మాట అన్నా. మీ బావ కోసం వాంగ్మూలం ఇవ్వాల్సిన ఆ హోంగార్డును ముందు వెళ్లి చూడండి. కాలు విరిగి ఇంట్లో ఉంటే ఆయనకు రోజు భత్యం వస్తోందో లేదో కూడా అడగండి. ఆయన కూడా ట్రైబ్యునల్‌లో కేసు వేయొచ్చు, ఆ సంగతి ఆయనకు ఎవరూ చెప్పి ఉండరు.

హనుమకొండ అక్క

తమ్ముడూ, రాత్రి నుంచి నీ పోస్టు మూడుసార్లు చదివాను. మీ అక్క ఉన్న చోట నేను 2016లో ఉన్నాను. అందుకే కొంచెం పొడుగ్గా రాస్తాను.

మా ఆయన ఏఆర్ (సాయుధ రిజర్వ్) కానిస్టేబుల్. ఆ ఏడు మేడారం జాతర బందోబస్తుకు వెళ్లారు. తాడ్వాయి వైపు పాయింట్. అంతకుముందు రాత్రి ఫోన్ చేసి "జనం ఇంకా వస్తూనే ఉన్నరు, చలి బాగుంది, పిల్లలు పడుకున్నరా" అని అడిగారు. తెల్లవారుజామున ఛాతీలో నొప్పి అని కింద కూర్చున్నారట. పక్కనున్నవాళ్లు నీళ్లు తాగించి జీపులో వేసుకుని తీసుకెళ్లారు. అంతే.

ఆ రోజు నేను చేసిన తప్పు ఒకటుంది. పోస్టుమార్టం చేస్తారంటే మా వాళ్లు "ఎందుకు కోయించడం, గుండెపోటే కదా" అన్నారు. నేను తల ఊపాను. అప్పటికి నాకు 31 ఏళ్లు, ఒక పిల్ల చంకలో ఉంది. నేను తల ఊపగానే ఆయన చావు పేరు సహజ మరణం అయిపోయింది. తర్వాత ఏ ఆఫీసుకు వెళ్లినా ఆ రెండు మాటలే నాకంటే ముందు వెళ్లి కూర్చున్నాయి. బ్యాంకు జీతం అకౌంట్ మీద ఉన్న ప్రమాద బీమా రాలేదు. ఎక్స్‌గ్రేషియా రాలేదు. అంత్యక్రియల దగ్గర అందరూ "డ్యూటీలో ప్రాణం పెట్టాడు" అన్నారు. ఆ మాట కాగితం మీద ఎక్కడా లేదు. మూడు రోజులు నిద్ర లేకుండా చలిలో నిలబడ్డ మనిషి గుండె ఆగితే అది సహజం ఎలా అవుతుందని నేను ఇప్పటికీ అడుగుతాను. డ్యూటీలో వచ్చే గుండెపోటును డ్యూటీ మరణంగానే చూడాలి. ఇది నా ఒక్కదాని మాట కాదు, పోలీసు లైన్‌లో (క్వార్టర్స్‌లో) ఉన్న ఏ ఆడమనిషిని అడిగినా ఇదే చెబుతుంది.

మీ బావకు పోస్టుమార్టం అయ్యే ఉంటుంది, లారీ కేసు కాబట్టి. ఆ రిపోర్టు, శవ పంచనామా కాపీలు ఈ వారమే తీసుకో. బావ యూనిఫాం ఆసుపత్రి నుంచి ఇంటికి ఇచ్చారా? జేబులు చూడండి. మా ఆయన పాస్‌పోర్ట్ చొక్కా జేబులో నాలుగు మడతలు పెట్టి ఉంది. దాని మీద ఆ పాయింట్ పేరు, తేదీ ఉన్నాయి. భద్రత ఫైలు ఆగినప్పుడు ఆ కాగితమే దాన్ని కదిలించింది. జిరాక్స్ ఇచ్చి అసలుది నా దగ్గరే ఉంచుకున్నాను, ఇప్పటికీ బీరువాలో ఉంది.

ఇంకొకటి, బావ బ్యాంకు పాస్‌బుక్ ఈ రోజే ప్రింట్ వేయించు. ఏటా మే నెలాఖరులో 20 రూపాయలు, 436 రూపాయలు కట్ అయ్యాయేమో చూడు. 20 కట్ అయితే ప్రధానమంత్రి సురక్షా బీమా, ప్రమాదంలో పోతే 2 లక్షలు. 436 అయితే జీవన్ జ్యోతి, ఎలా పోయినా 2 లక్షలు. ఇరవై రెండు రోజులైందన్నావు, ప్రమాద బీమాకు 30 రోజుల్లోపు తెలియజేయాలి, అందుకే తొందర చేస్తున్నాను. జీతం అకౌంట్ మీద పోలీసులకు బ్యాంకులు ప్రమాద బీమా ఇస్తాయి, దానికీ గడువు ఉంటుంది. బ్యాంకువాళ్లు వాళ్లంతట వాళ్లు చెప్పరు, మేనేజర్‌ను అడిగి రాతపూర్వకంగా ఇచ్చి ముద్ర వేయించుకో.

ఇచ్చిన ప్రతి కాగితానికీ ఒక కాపీ ఉంచుకుని దాని మీద ఇన్‌వర్డ్ నంబర్ (కాగితం ఆఫీసుకు అందినట్టు వేసే నంబర్) వేయించుకోవాలి. ఒక ఆఫీసులో నా ఫైలు ఏడు నెలలు కదల్లేదు. ఎప్పుడు వెళ్లినా "మీ దరఖాస్తు మాకు రాలేదమ్మా" అనేవారు. ఒక రోజు ముద్ర ఉన్న కాపీ టేబుల్ మీద పెట్టాను. ఆ మధ్యాహ్నమే ఫైలు దొరికింది.

నామినీల దగ్గర జాగ్రత్త. మా ఆయన పెళ్లికి ముందు కట్టిన పాలసీలో అత్తమ్మ పేరుంది. బంధువులు అటు కొందరు, ఇటు కొందరు చేరి మా ఇద్దరినీ విడదీయబోయారు. నేను ఒక్కదాన్నే వెళ్లి అత్తమ్మ పక్కన కూర్చున్నాను. ఆమె కొడుకును పోగొట్టుకుంది, నేను భర్తను. ఆ డబ్బులో కొంత ఆమె మందులకు ఉంచి మిగతాది పిల్లల పేరు మీద వేశాం. ఇప్పుడు ఆమె నా దగ్గరే ఉంది. మీ అక్క అత్తగారు ఉంటే ఆమెతో నువ్వు కాదు, అక్కే మాట్లాడాలి.

ఇక ఉద్యోగం. నాకూ ఇంటరే. డిగ్రీ గడువులోపు పూర్తి చేయాలన్న షరతుతో జూనియర్ అసిస్టెంట్‌గా తీసుకున్నారు. అంబేద్కర్ ఓపెన్ యూనివర్సిటీలో కట్టి, ఆదివారాలు క్లాసులకు వెళ్లి, రాత్రి పిల్లలు పడుకున్నాక చదివి పాసయ్యాను. ఎకనామిక్స్ ఒకసారి తప్పాను. చేరిన కొత్తలో సర్వీసు రిజిస్టర్లు ఉన్న బీరువా సర్దమన్నారు. అందులో మా ఆయన ఎస్‌ఆర్ కనపడింది. తీసి చూశాను. ఆయన చేతి సంతకం, పెట్టిన సెలవులు, మంచి సేవకు వచ్చిన ఎంట్రీలు పదకొండు. ఒక్కటి కూడా ఇంట్లో చెప్పలేదు. ఆ రోజు బీరువా వెనక నిలబడి ఏడ్చాను, తర్వాత వచ్చి నా సీట్లో కూర్చున్నాను.

పాపను చదువుకోనివ్వండి. 18 నిండగానే ఉద్యోగంలో పెడితే ఇంటి బరువంతా ఆ పిల్ల మీద పడుతుంది, చదువు అక్కడితో ఆగుతుంది, రేపు పెళ్లి మాట వచ్చినప్పుడు జీతం ఎవరిదని ఇంకో గొడవ. మీ అక్కకు 38 అంటే ఇంకా ఇరవై ఏళ్లకు పైగా సర్వీసు ఉంది. పొద్దున తొమ్మిదింటికి చీర కట్టుకుని బయటికి వెళ్లే పని ఉండటం నన్ను నిలబెట్టింది. డబ్బు కంటే అదే ఎక్కువ నిలబెట్టింది. కానీ ఇది నేను చెప్పేది, నువ్వు చెప్పేది కాదు. అక్కను అడుగు.

పలాస నుంచి

మా అన్న సీఆర్‌పీఎఫ్, ఛత్తీస్‌గఢ్‌లో పోయాడు. కేంద్ర బలగాల్లో దారి వేరు. 2016 నుంచి డ్యూటీలో ప్రమాదం అయితే 25 లక్షలు, తీవ్రవాదులతో పోరాటంలో అయితే 35 లక్షలు ఎక్స్‌గ్రేషియా. పెన్షన్ కూడా కారణాన్ని బట్టే మారుతుంది. 2017లో మొదలైన భారత్ కే వీర్ వెబ్‌సైట్ ద్వారా జనం నేరుగా పంపిన డబ్బు కూడా వదిన ఖాతాలో పడింది.

మీకు పనికొచ్చే సంగతి ఒకటి. ప్రధానమంత్రి స్కాలర్‌షిప్ మొదట సైన్యం, మాలాంటి కేంద్ర బలగాలు, రైల్వే రక్షణ దళం వాళ్ల పిల్లలకే ఉండేది. 2019లో రాష్ట్ర పోలీసుల పిల్లలకూ ఇచ్చారు, ఏటా 500 మందికి, అమ్మాయిలకు నెలకు 3000, అబ్బాయిలకు 2500. కానీ ఉగ్రవాద, నక్సల్ దాడుల్లో అమరులైనవారి పిల్లలకే. రోడ్డు ప్రమాదానికి రాదు. ఎవరైనా ఇప్పిస్తామని డబ్బులు అడిగితే ఇవ్వొద్దు. మా వదినను అలాగే ఒకడు మోసం చేయబోయాడు.

కోదాడ తమ్ముడు

అందరికీ చేతులెత్తి దండం. నాలుగు రోజులు తిరిగి ఇప్పుడు రాస్తున్నాను.

పాస్‌బుక్‌లో 20 రూపాయల ఎంట్రీ ఉంది. 436 లేదు. ఇరవై అయిదో రోజున బ్యాంకులో కాగితాలు ఇచ్చి ముద్ర వేయించాను. జీతం అకౌంట్ బీమా ఫారం కూడా తీసుకున్నాను.

యూనిఫాం చొక్కా జేబులో పాస్‌పోర్ట్ లేదు, బండి తాళం, పాప ఫీజు రసీదు ఉన్నాయి. కానీ స్టేషన్ రైటర్ గారు జనరల్ డైరీ తీసి చూపించారు. రాత్రి 10 గంటలకు బావ పేరు, హోంగార్డు పేరు, "వాహనాల తనిఖీ" అని స్పష్టంగా ఉంది. దాని కాపీ జోడించి రిపోర్టు పంపుతామని ఎస్‌ఐ గారు అన్నారు.

హోంగార్డు అన్నను ఇంటికి వెళ్లి చూశాను. మంచం మీద ఉన్నారు. నన్ను చూడగానే "సారు నన్ను పక్కకు నెట్టిండు, లేకుంటే నేనూ పోయేవాణ్ణి" అన్నారు. ఈ మాట మాకు ఇప్పటిదాకా ఎవరూ చెప్పలేదు. ఆయన పోలీసులకు చెప్పారట, రాశారో లేదో ఆయనకు తెలియదు. మళ్లీ వాంగ్మూలం తీసుకోమని దర్యాప్తు అధికారికి రాతపూర్వకంగా ఇచ్చాం. ట్రైబ్యునల్‌లో కేసు ఆయనది, మాది ఒకే వకీలుకు ఇస్తున్నాం.

హనుమకొండ అక్కా, మీరు రాసింది మా అక్కకు చదివి వినిపించాను. చాలాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత లేచి బావ వాళ్ల అన్నగారికి తనే ఫోన్ చేసి "బావగారూ, ఉద్యోగం నేనే చేస్తాను" అని చెప్పింది. ఆయన సరేనన్నారు.

ఇప్పుడు ఇంటర్ మెమో కోసం వెతుకుతున్నాం. పెళ్లికి తెచ్చుకున్న ట్రంకు పెట్టెలో ఉండాలంటోంది, ఆ పెట్టె అత్తగారి ఊళ్లో ఉంది. రేపు పొద్దున బస్సుకు అక్కే వెళ్తానంది. అత్తగారితో కూడా మాట్లాడి రావాలట.

హనుమకొండ అక్క

మెమో దొరక్కపోయినా భయపడొద్దు తమ్ముడూ, ఇంటర్ బోర్డులో డూప్లికేట్ ఇస్తారు, హాల్ టికెట్ నంబర్, చదివిన సంవత్సరం తెలిసి ఉండాలి. రేపు అక్కను ఒక్కదాన్నే వెళ్లనివ్వకు. పాపను తోడు తీసుకెళ్లమను.